ఓడ ఎక్కని ఉల్లికి ఓడరేవు దెబ్బ

సరుకు – సరిహద్దు: పాఠకుల ప్రశ్నలకు కర్నూలు నుంచి ఒక విశ్రాంత అర్థశాస్త్ర అధ్యాపకురాలి జవాబులు

ఈసారి వచ్చిన ఉత్తరాల్లో సగానికి పైగా ఉల్లి గురించే. కర్నూలులో కూర్చుని శీర్షిక రాసేవాళ్లకు అది తప్పదు. ఒకే మాట అడిగిన ఉత్తరాలను కలిపి ఒకటిగా తీసుకున్నాను. షేర్ల జాతకాలు అడిగినవారివి ఎప్పటిలాగే పక్కన పెట్టాను.

ప్రశ్న: అమ్మా, మూడెకరాల్లో ఉల్లి వేస్తాను. మా సరుకు కర్నూలు యార్డుకు వస్తుంది, అక్కడి నుంచి తాడేపల్లిగూడెమో హైదరాబాదో పోతుంది. ఒక్క గడ్డ కూడా ఓడ ఎక్కదు. అయినా కేంద్రం ఎగుమతులు ఆపిన ప్రతిసారీ మా ధర పడిపోతుంది. విదేశాలకు పోని సరుకుకు విదేశీ వ్యాపారంతో ఏమి సంబంధం?
— ఒక ఉల్లి రైతు, కోడుమూరు మండలం

జవాబు: మీ ధర కర్నూలు యార్డు వేలంలో పలుకుతుంది గానీ, తేలేది చాలావరకు ఉల్లి వ్యాపారానికి కేంద్రమైన నాసిక్ జిల్లా లాసల్‌గావ్‌లో. మన దేశం నుంచి బయటికి వెళ్లే ఉల్లిలో పెద్ద వాటా మహారాష్ట్రదే. 2023 ఆగస్టులో కేంద్రం ఉల్లి ఎగుమతిపై 40 శాతం సుంకం వేసింది. డిసెంబరు 8 నుంచి ఎగుమతినే ఆపేసింది. అప్పుడు ముంబయి రేవుకు పోవలసిన లారీ షెడ్డులో పడుకోదు కదా, హైదరాబాదు మలక్‌పేటకు వస్తుంది. మీ లారీ వచ్చేదీ అక్కడికే. రెండింటినీ చూసిన వ్యాపారి మీకు నిన్నటి ధర ఎందుకిస్తాడు?

రెండు మార్కెట్ల మధ్య సరుకు స్వేచ్ఛగా కదలగలిగితే, వాటి ధరల మధ్య తేడా రవాణా ఖర్చును మించి ఎక్కువ కాలం నిలవదు. ఇందులో గమనించవలసింది 'కదలగలిగితే' అన్న షరతు. మీ గడ్డే వెళ్లనక్కరలేదు. నాసిక్ గడ్డకు సింగపూర్, ఢాకా దారి తెరిచి ఉంటే అది మలక్‌పేటలో మీకు పోటీకి రాదు. ఆ దారి మూస్తే వస్తుంది. మీరు ఎగుమతిదారు కాకపోయినా ఎగుమతి ధర మీ సంచిలో ఉంటుంది.

2022–23లో దేశంలో పండినది సుమారు 302 లక్షల టన్నులు, బయటికి వెళ్లింది సుమారు 25 లక్షల టన్నులు. అంటే పన్నెండో వంతు. ఇంత చిన్న భాగం వెనక్కి తిరిగితే ధర అంతగా ఎందుకు కూలాలని ఇంకొకరు రాశారు. ఉల్లి ధర సగమైందని ఎవరూ పులుసులో రెండింతలు ఉల్లి వేయరు. తినేవాళ్ల అవసరం దాదాపు మారదు కాబట్టి కొంచెం మిగులు వచ్చినా ధర చాలా దూరం పడితే తప్ప అది చెల్లిపోదు. కొరత వచ్చినప్పుడు ఇదే గుణం ధరను ఆకాశానికి ఎత్తుతుంది.

పైగా మీ సరుకు స్వభావం వేరు. నాసిక్ వేసవి గడ్డ ఆరి ఉంటుంది, గాలి ఆడే కొట్టాల్లో నెలల తరబడి నిలుస్తుంది. మీ ఖరీఫ్ గడ్డ వానల్లో పెరిగినది, తడి ఎక్కువ. కోశాక పదిహేను రోజులు ఉంచాలన్నా భయమే. ఆగస్టు నుంచి అక్టోబరు వరకు మీరు కొత్త గడ్డతో యార్డుకు వచ్చే వేళకు నాసిక్ వ్యాపారి పాత నిల్వతో తయారుగా ఉంటాడు. అతను ఆగగలడు, మీరు ఆగలేరు. కమీషన్, హమాలీ, తరుగు ఎటూ మీవే.

తరువాతి కథ కూడా చెప్పాలి, ఎందుకంటే అసలు నష్టం అక్కడుంది. 2024 మే 4న నిషేధం ఎత్తేశారు. కానీ టన్నుకు 550 డాలర్లకు తక్కువగా అమ్మకూడదన్నారు, 40 శాతం సుంకం ఉంచారు. అప్పటి మారకంలో కిలో 46 రూపాయల దాకా అవుతుంది, సుంకం కలిపితే 64. తలుపు తీసి గడపకు అడ్డంగా మంచం వేసినట్టు. సెప్టెంబరు 13న కనీస ధర తీసేసి సుంకాన్ని 20 శాతానికి తగ్గించారు. 2025 ఏప్రిల్ 1 నుంచి అదీ పోయింది.

మరి 2025 సెప్టెంబరులో దారి పూర్తిగా తెరిచే ఉంది కదా, కర్నూలు యార్డులో అడిగే దిక్కు ఎందుకు లేకపోయింది? రాష్ట్ర ప్రభుత్వం తన సహకార మార్కెటింగ్ సంస్థ మార్క్‌ఫెడ్ చేత క్వింటా 1,200 రూపాయలకు కొనిపించి, ఆ తరువాత హెక్టారుకు 50,000 రూపాయల సాయం ప్రకటించవలసి వచ్చింది. దిగుబడి, వానలు, పాత నిల్వలు, ఇలా కారణాలు చాలా ఉన్నాయి. వాటిలో ఒకదాని గురించి మాత్రం ఢిల్లీలో ఎవరూ గట్టిగా మాట్లాడరు. కొనేవాడికి మనమీద నమ్మకం పోయింది.

బంగ్లాదేశ్ మన ఉల్లికి పెద్ద ఖాతాదారు. 2019 సెప్టెంబరు చివర మనం ఉన్నట్టుండి ఎగుమతి ఆపేశాం. ఆ తరువాతి వారమే ఢిల్లీ వచ్చిన అప్పటి ప్రధాని షేక్ హసీనా, వంటవాడికి ఉల్లి లేకుండా వండమని చెప్పానంటూ సభలో నవ్వుతూనే చురక వేశారు. ముందుగా చెప్పి ఉంటే వేరే ఏర్పాటు చేసుకునేవాళ్లమని ఆవిడ మాట. మరుసటి ఏడాది సెప్టెంబరులో మళ్లీ అదే పని చేశాం. వాళ్లు మయన్మార్, ఈజిప్టు, తుర్కియే, చైనాల నుంచి తెప్పించుకున్నారు, సొంత సాగు పెంచుకున్నారు. దుకాణం ఎప్పుడు మూస్తాడో తెలియని షావుకారు దగ్గర నెలవారీ ఖాతా ఎవరు పెట్టుకుంటారు?

పట్నంలో కొనుక్కుని తినేవాళ్ల సంగతేమిటని అడుగుతారు. న్యాయమైన ప్రశ్నే. 1998లో ఢిల్లీ ఎన్నికల్లో ఉల్లి ధర ప్రభుత్వాన్ని దింపిన సంగతి ఏ పార్టీ మరిచిపోలేదు. ఎగుమతి నిషేధం అంటే రైతు జేబులోంచి తీసి కొనేవాడికి ఇచ్చే సబ్సిడీ. ఇవ్వవచ్చు, కాని ఖర్చు ఖజానాది కావాలి గానీ కోడుమూరు రైతుది కాకూడదు. నా మటుకు నేను ఎగుమతి ఎల్లకాలం తెరిచి ఉంచమని అడగను. ఏ ధర దాటితే ఎంత సుంకం పడుతుందో నారు పోసే ముందే ప్రకటించి, పంట అమ్ముడయ్యే దాకా ఆ మాట మీద ఉండమంటాను. అది తెలిస్తే మీరు మూడెకరాలు వేయాలో ఒకటిన్నర వేయాలో మీరే తేల్చుకుంటారు.

ప్రశ్న: మేము వేసేది కృష్ణాపురం (కేపీ) ఉల్లి. మన ఇళ్లలో ఎవరూ వాడరు, మొత్తం విదేశాలకే. దాన్ని ఆపితే ఇక్కడ ఎవరికి చౌక?
— దువ్వూరు, కడప జిల్లా

జవాబు: ఎవరికీ కాదు. కృష్ణాపురం ఉల్లి పరిమాణం, ఘాటు మన వంటకు సరిపడవు. దాన్ని తినేది థాయ్‌లాండ్, మలేసియా, సింగపూర్, హాంకాంగ్, శ్రీలంకల్లో. ఇది ఢిల్లీకి తెలియనిదేమీ కాదు. 2020 సెప్టెంబరు నిషేధం వచ్చిన నెలలోపే, అక్టోబరులో, బెంగళూరు రోజ్ ఉల్లి 10,000 టన్నులు, కృష్ణాపురం ఉల్లి 10,000 టన్నులు పంపుకోవచ్చని అనుమతి ఇచ్చారు. చెన్నై రేవు నుంచి మాత్రమే పంపాలి, సరుకు ఫలానా రకమేనని ఉద్యానశాఖ అధికారి ధ్రువపత్రం ఇవ్వాలి. ఈ షరతులతో ఇచ్చారు.

పేరుకు సడలింపు. కాని పరిమాణానికి హద్దు పెట్టగానే ఎగుమతి చేసే హక్కే ఒక సరుకైపోతుంది. బయట ధర ఎక్కువ, లోపల ధర తక్కువ. ఆ తేడా ఎవరికి పోతుంది? ధ్రువపత్రం, కోటా కాగితం చేతిలో ఉన్న ఎగుమతిదారుకు. మీ పొలం గట్టు మీదికి వచ్చి బేరం చేసేటప్పుడు అతను 'కోటా అయిపోవచ్చింది' అంటాడు. అది నిజమో కాదో తేల్చుకునే దారి మీకు లేదు. సుంకమైతే కనీసం ఖజానాకు చేరుతుంది. కోటాలో ఆ సొమ్ము ఎవరి సంచిలోకి వెళ్లిందో లెక్క కూడా దొరకదు. అందుకే రెండింటిలో ఒకటి తప్పదంటే నేను సుంకానికే ఓటు వేస్తాను.

ప్రశ్న: మేడమ్, డిగ్రీ రెండో సంవత్సరం. వ్యాపారం వల్ల రెండు దేశాలూ లాభపడతాయన్న ఆర్థికవేత్త రికార్డో సిద్ధాంతం రాస్తే పది మార్కులు. మా తాత శనక్కాయ రైతు. మా నాన్న బెంగళూరులో సెక్యూరిటీ గార్డు. పామాయిల్ వచ్చి మన పొలాలను తినేసిందని ఇంట్లో అంటారు. ఏది నమ్మాలి?
— విద్యార్థిని, అనంతపురం

జవాబు: ముందు రికార్డోను సరిగ్గా చదువమ్మా, గైడుల్లో ఆయన్ని చిత్రవధ చేశారు. 1817లో ఆయన ఇచ్చిన ఉదాహరణలో ఇంగ్లండులో కొంత బట్ట తయారుకు ఏడాదికి 100 మంది, కొంత ద్రాక్ష సారాయికి 120 మంది కావాలి. అదే పని పోర్చుగల్‌లో బట్టకు 90 మంది, సారాయికి 80 మంది చేస్తారు. రెండింటిలోనూ పోర్చుగల్‌దే పైచేయి. అయినా పోర్చుగల్ తనకు మరీ బాగా వచ్చిన సారాయి మీద నిలబడి బట్టను ఇంగ్లండు నుంచి తెచ్చుకుంటే ఇద్దరికీ శ్రమ కలిసి వస్తుందని చూపించాడు. అన్నిటిలో వెనకబడిన దేశానికి కూడా అమ్మడానికి ఏదో ఒకటి ఉంటుందన్నమాట. ఈ లెక్కలో తప్పు లేదు.

ఆయన చెప్పకుండా వదిలినది ఒకటుంది. బట్ట నేసే పోర్చుగల్ మనిషి మరునాడే ద్రాక్ష తోటలో పనికి కుదురుకుంటాడని ఆ లెక్క అనుకుంటుంది. మీ తాతకు ఉన్నదేమిటి? ఎర్రనేల, ఏడాదికి 550 మిల్లీమీటర్ల చిల్లర వాన, అదీ వచ్చిన ఏడాది. దేశంలో శనక్కాయ అత్యధికంగా వేసిన జిల్లా మీది కావడానికి కారణం అక్కడ అది తప్ప మరొకటి నిలవకపోవడమే. అలాంటి నేల మీద రైతు వేరే పంటకు మారడు, వేరే ఊరికి మారతాడు. మీ నాన్న మారారు. రికార్డో పుస్తకం ప్రకారం శ్రమ కదిలింది, లాభం కూడా వచ్చి ఉండవచ్చు. దాని మూల్యం మీ ఇల్లు చెల్లించింది.

ఇక పామాయిల్. 1986లో నూనెగింజల సాంకేతిక మిషన్ పెట్టాక తొంభైల మొదట్లో మనం నూనెల్లో దాదాపు స్వయంసమృద్ధి దాకా వచ్చాం. 1994లో పామాయిల్ నుంచి తీసే పామోలిన్‌ను ఎవరైనా తెప్పించుకోవచ్చని 65 శాతం సుంకంతో అనుమతించారు. 1998 నాటికి ఆ సుంకం 15 శాతం. ఎకరాకు ఆయిల్ పామ్ ఇచ్చే నూనె ముందు వర్షాధార వేరుశనగ ఎన్ని రెట్లు వెనకో చెప్పనక్కరలేదు. ఇండోనేసియా, మలేసియా ఓడలు వచ్చాయి. ఈ మధ్య సంవత్సరాల్లో మనం ఏటా సుమారు 160 లక్షల టన్నుల వంట నూనెలు దిగుమతి చేసుకుంటున్నాం. మొత్తం వాడకంలో సగానికి పైగా అదే.

ఎవరు బాగుపడ్డారో కూడా నిజాయితీగా చెప్పాలి. బజ్జీల బండి బాగుపడింది, హాస్టల్ మెస్సు బాగుపడింది, నెలకు లీటరు నూనె కొనడానికి తడుముకున్న కుటుంబం రెండు లీటర్లు కొనగలిగింది. ఆ లాభం కోట్లమందికి తలా కొంచెంగా పంచిపోయింది, ఎవరి లెక్కల్లోనూ కనబడలేదు. నష్టం మాత్రం కొన్ని తాలూకాల మీద కట్టకట్టుకుని పడింది. బాగుపడ్డవాళ్ల దగ్గర కొంత తీసి నష్టపోయినవాళ్లకు ఇస్తే అందరికీ మేలేనని మా పుస్తకాల్లో ఉంటుంది. తీసి ఇచ్చిన ప్రభుత్వాన్ని మాత్రం చూపించరు.

కాని అంతా పామాయిల్ నెత్తిన వేయడం కుదరదు. కాయ ఊరే వేళకు వాన మొహం చాటేయడం, తెగుళ్లు, విత్తనం ఖర్చు, ఇవన్నీ మీ తాతను ముందే సగం వంచాయి. నా కోపం దిగుమతి మీద కాదు, సుంకంతో ఆడిన ఆట మీద. ముడి పామాయిల్‌పై సుంకం 2008లో సున్నా, 2018లో 44 శాతం, 2021లో మళ్లీ సున్నా, 2024 సెప్టెంబరులో 20 శాతం, 2025 మే చివర 10 శాతం. సెస్సులు వేరే. ధర పెరిగితే తగ్గించడం, పండుగలకు తగ్గించడం, రైతులు అరిస్తే పెంచడం. ఆయిల్ పామ్ మొక్క కాపుకు రావడానికే నాలుగేళ్లు పడుతుంది. ఈ పట్టిక చూసి ఏ రైతు మొక్క నాటుతాడు? ప్రపంచ వాణిజ్య సంస్థ మన చేతులు కట్టేసిందనే మాట కూడా ఇక్కడ చెల్లదు. అక్కడ మనం ఒప్పుకున్న గరిష్ఠ సుంకం సోయా నూనెకు 45 శాతమైతే పామాయిల్‌కు 300 శాతం. కావలసినంత చోటుంది, ఎలా వాడాలన్నది మన నిర్ణయమే.

అమ్మేవాళ్లూ తక్కువ తినలేదు. 2022 ఏప్రిల్ 28న ఇండోనేసియా పామాయిల్ ఎగుమతిని ఆపేసి, మే 23 దాకా తెరవలేదు. ఉల్లి విషయంలో మనం బంగ్లాదేశ్‌కు చేసిందే వాళ్లు మనకు చేశారు.

ఇంకో ముచ్చట. శనక్కాయకు విదేశాల్లో గిరాకీ లేక కాదు. చివరి దశలో బెట్ట తగిలిన కాయలో బూజు చేరి అఫ్లాటాక్సిన్ అనే విషం ఊరుతుంది. ఐరోపా సమాఖ్య నేరుగా తినే పల్లీల్లో దీన్ని కిలోకు 4 మైక్రోగ్రాములకు మించనివ్వదు. అనంతపురం బెట్టకు, ఐరోపా హద్దుకు పొత్తు కుదరడం కష్టం. సుంకం సున్నా అయినా ఆ పరీక్షలో పోతే కంటైనర్ వెనక్కి వస్తుంది. ఈ రోజుల్లో సరిహద్దులు ఎక్కువగా ప్రయోగశాలల్లో ఉన్నాయి.

అరటి సంగతి కూడా అడుగుతావని తెలుసు. 2020 జనవరిలో తాడిపత్రి నుంచి ముంబయి జవహర్‌లాల్ నెహ్రూ రేవుకు శీతల కంటైనర్లతో రైలు బయలుదేరింది, గల్ఫ్ వైపు గెలలు వెళ్లాయి. మంచిదే. అయితే శనక్కాయ రైతు అరటి రైతు అయ్యాడని పత్రికలు రాస్తే నమ్మకు. బోరులో నీళ్లు, డ్రిప్పు, టిష్యూకల్చర్ మొక్కకు డబ్బు ఉన్నవాడు అయ్యాడు. పరీక్షలో రికార్డోను రాయి, చివర నీ మాటగా ఈ సంగతీ రాయి. మార్కులు తగ్గవు. తగ్గితే ఆ పేపరు నాకు పంపు.

ప్రశ్న: అమెరికా మన వస్త్రాలపై 50 శాతం సుంకం వేసినప్పుడు ఢిల్లీ ఇక్కడ పత్తి దిగుమతి సుంకం ఎత్తేసింది. దెబ్బ ఒకచోట, కట్టు ఇంకోచోటా? ఆదోని పత్తి అమెరికాకు పోనే పోదు.
— జిన్నింగ్ మిల్లు గుమాస్తా, ఆదోని

జవాబు: గుమాస్తా అన్నారు కాబట్టి మీకు రెండు వాక్యాలు ఎక్కువ. మా నాన్న కూడా ఆదోనిలో పత్తి మండీ గుమాస్తాయే. బోరెలోకి చేయి పెట్టి తేమ ఎంతో చెప్పేవారు, యంత్రం ఆ తరువాతే వచ్చింది.

2025 ఆగస్టు 27 నుంచి అమెరికాలో మన చొక్కాపై మామూలు సుంకానికి అదనంగా 50 శాతం సుంకం పడింది. అది కట్టేది అక్కడి దిగుమతిదారే. కాని అతనికి బంగ్లాదేశ్, వియత్నాం దారులున్నాయి కాబట్టి బట్టలు కుట్టి పంపే తిరుప్పూరు మీద ధర తగ్గించమని ఒత్తిడి తెస్తాడు. తిరుప్పూరు నూలు మిల్లును తగ్గించమంటుంది. నూలు మిల్లు మిమ్మల్ని, మీరు రైతును. సుంకం ఎవరి పేరున రాసినా, బరువు చివరికి పక్కకు తప్పుకోలేని మనిషి దగ్గర ఆగుతుంది. పత్తి కోసి ఇంట్లో పోసుకున్నవాడు తప్పుకోలేడు.

మిల్లులకు ఊరటగా పత్తిపై 2021 నుంచి ఉన్న 11 శాతం సుంకాన్ని ఆగస్టు 19 నుంచి సెప్టెంబరు నెలాఖరు దాకా తీసేశారు. తరువాత డిసెంబరు 31 దాకా పొడిగించారు. మొదటి గడువు వరకు ఫరవాలేదనుకోవచ్చు, పాత పంట అయిపోయే కాలం. పొడిగింపు మాత్రం సరిగ్గా కొత్త పత్తి ఆదోని యార్డుకు దిగే నెలల మీద పడింది. మద్దతు ధర ఉంది కదా అంటారు. 2025–26కు క్వింటాకు మధ్యరకం పింజకు 7,710, పొడవు పింజకు 8,110 రూపాయలు. ఆ ధర కేంద్రం నడిపే భారత పత్తి సంస్థ కొంటేనే వస్తుంది, అదీ తేమ 8 శాతం లోపు ఉంటే పూర్తిగా. ఆపైన కోత, 12 దాటితే తిప్పి పంపుతారు. మధ్యలో యాప్‌లో నమోదు. అక్టోబరు మంచులో తీసిన పత్తి 12 లోపు తెమ్మంటే మా నాన్న నవ్వేవారు.

మిల్లుకు సాయం చేయదలిస్తే వడ్డీ రాయితీ ఇవ్వవచ్చు, తిరుప్పూరుకు వేరే దేశాల గిరాకీ వెతికి పెట్టవచ్చు. ఖర్చు లేకుండా చేయాలనుకుంటేనే ఇలా ఒక సంచిలోంచి ఇంకో సంచిలోకి.

ప్రశ్న: బంగారం ధర మనం చెప్పేది కాదంటారు. మరి బడ్జెట్ రోజు ఎలా పడింది?
— ప్రొద్దుటూరు

జవాబు: లండన్ ధర డాలర్లలో, దాన్ని రూపాయల్లోకి మార్చి, పైన మన సుంకం. ఈ మూడింటిలో ప్రభుత్వం చేతిలో నేరుగా ఉన్నది చివరిదే. 2022లో 15 శాతానికి పెంచారు, 2024 జూలై 23 బడ్జెట్‌లో 6 శాతానికి దించారు. అందుకే ఆ పూటే ధర పడింది. సుంకం పెంచితే మనవాళ్లు బంగారం కొనడం మానరు, దొంగదారిన తెచ్చేవాడి లాభం పెరుగుతుంది. ముందురోజు కొన్నానని రెండు పేజీలు బాధపడ్డారు. అమ్మే ఉద్దేశం లేని గాజులకు ధర ఎంతైతే ఏమండీ!

ప్రశ్న: కేసీ (కర్నూలు–కడప) కాలువను మొదట పడవలు నడపడానికి కూడా తవ్వారని, రైలు రావడంతో అది మూలపడిందని విన్నాను. ధాత కరువులో రైలు మనల్ని కాపాడిందా, ముంచిందా?
— విశ్రాంత చరిత్ర ఉపాధ్యాయుడు, కడప

జవాబు: మాస్టారూ, మీరు విన్నది నిజం. ఒక ప్రైవేటు కంపెనీ 1863–70 మధ్య సుంకేసుల ఆనకట్ట నుంచి కడప దాకా సాగు, జల రవాణా రెండింటికీ కాలువ తవ్వింది. పడవల వ్యాపారం గిట్టలేదు, 1882లో ప్రభుత్వం కొనేసింది. ఈలోగా 1871లో మద్రాసు రైలు కడప, గుత్తి, ఆదోని మీదుగా రాయచూరు చేరి బొంబాయి లైనుతో కలిసింది. మన జిల్లాలు దూరపు మార్కెట్లతో గట్టిగా ముడిపడింది అప్పుడే.

అయిదేళ్లకే 1876లో మీరడిగిన ధాత కరువు. రైలు ధాన్యం తెచ్చింది. మద్రాసు గవర్నరు బకింగ్‌హామ్ ప్రభుత్వమే ధాన్యం కొనడానికి దిగితే, వర్తకంలో వేలు పెట్టవద్దని వైస్రాయి లిట్టన్ మందలించాడు. ధర పెరిగితే వర్తకులే తెస్తారన్నది ఆయన నమ్మకం. తెచ్చారు కూడా. కాని పైరు ఎండి, పశువులు పోయి, కూలి లేని మనిషికి ఆ ధరకు కొనే డబ్బెక్కడిది? మార్కెట్ ఆకలిని చూడదు, ఆకలిగొన్నవాడి చేతిలో రొక్కాన్ని చూస్తుంది. కరువు పనికి పోయిన మగకూలీకి, కలకత్తాలోని లిట్టన్ ప్రభుత్వం పంపిన టెంపుల్ దొర ఖాయం చేసిన కూలి రోజుకు పౌను ధాన్యం, ఒక అణా. పౌను అంటే అర కిలో కూడా కాదు, దానితో రోజంతా రాళ్లు కొట్టాలి. ఇంకో సంగతి. పక్క జిల్లాలో గిరాకీ పెరిగితే పంట కాస్త పండిన ఊళ్లో గింజలూ రైలెక్కి పోయాయి, అక్కడా ధర ఎగిసింది.

కాబట్టి కాపాడిందా ముంచిందా అన్న మీ ప్రశ్నకు నా జవాబు ఇది: రైలు లేకపోతే ఇంకా ఎక్కువమంది పోయేవారు, రైలుతో పాటు కూలి డబ్బు కూడా వచ్చి ఉంటే చాలా తక్కువమంది పోయేవారు. రెండోదాన్ని ఆపింది పట్టాలు కాదు, కలకత్తాలోని ఒక సిద్ధాంతం.

ప్రశ్న: విదేశాల గొడవ సరే. జీఎస్టీ వచ్చాక దేశమంతా ఒకే మార్కెట్ అన్నారు. మాకు ఏమి మారింది?
— లారీ యజమాని, కర్నూలు

జవాబు: పంచలింగాల చెక్‌పోస్టు మారింది. రాష్ట్రం విడిపోయాక హైదరాబాదు దారిలో అక్కడ మీ లారీలు ఎంతసేపు బారులు తీరేవో మీకే బాగా తెలుసు. 2017 జూలైలో వాణిజ్య పన్నుల తనిఖీ కేంద్రాలు ఎత్తేయడంతో ఆ ఆగడం పోయింది. డ్రైవరు బత్తా, వడ్డీ, పాడయ్యే సరుకు లెక్కేస్తే ఏ సుంకం తగ్గింపు కంటే అదే పెద్ద మేలు. మార్కెట్ యార్డు సెస్సు, రవాణా శాఖ తనిఖీలు మాత్రం జీఎస్టీతో పోలేదు. కేంద్రం పెట్టిన ఆన్‌లైన్ మార్కెట్ ఈ-నామ్‌లో ఎక్కడి వ్యాపారైనా కర్నూలు సరుకును పాడుకోవచ్చంటారు గాని, కళ్లతో చూడకుండా తడి ఉల్లిని ఎవరు పాడతారు? ఇక డీజిల్ జీఎస్టీ బయటే ఉంది, ఒక్కో రాష్ట్రంలో ఒక్కో ధర. కర్ణాటకలో చౌకగా దొరుకుతున్నంత కాలం మీ బండ్లు ట్యాంకు నింపుకునేది బళ్లారి రోడ్డులోనే కదా.